ఏం కనబడుతోంది?

కురుపాం దాటి కొండల వైపు వెళ్లే దారిలో ఒక బండ ఉంది. ఏ ఊరి బండ అన్నది అక్కర్లేదు, అలాంటివి ఆ చుట్టుపక్కల చాలానే ఉన్నాయి. కింద ఊళ్లో ఫోన్‌కి ఒక్క గీత కూడా రాదు. బండ ఎక్కితే రెండు గీతలు వస్తాయి. పొద్దు వాలి పశువులు ఇళ్లకి చేరాక కుర్రాళ్లు అక్కడికి వస్తారు. పోయిన సంక్రాంతికి నేను వెళ్లినప్పుడు ఐదుగురున్నారు. ఒకరి భుజం ఒకరికి తగిలేంత దగ్గరగా కూర్చున్నారు. ఐదు ఫోన్లు, ఐదు జతల ఇయర్‌ఫోన్లు. ఒకడు ఏదో చూసి పగలబడి నవ్వాడు. మిగతా నలుగురూ తలెత్తలేదు.

దీన్ని చూసి బాధపడిపోవడం చాలా తేలిక. ఒకప్పుడు ఊరంతా కలిసి సినిమా చూసేవాళ్లం, ఇప్పుడెవరి గుహలో వాళ్లున్నాం అని మొదలుపెడితే వ్యాసం దానంతటదే నడిచిపోతుంది. నేనూ అలాంటిదే రాద్దామని కూర్చున్నాను. రాయలేకపోయాను. అడ్డుపడింది ఒక పాత నవ్వు. దాని దగ్గరికి వస్తాను. ముందు నా ప్రశ్న చెప్పనివ్వండి: మనం ఏం చూస్తున్నామో, దేనికి నవ్వుతున్నామో పక్కనున్న మనిషికి తెలిసే వీల్లేనప్పుడు, ఆ చూపుకి మనం ఎవరికైనా జవాబు చెప్పాలా?

మా చిన్నప్పుడు గొలుసో, మేకో పోతే అంజనం వేయించేవారు. తమలపాకు మీదో, పిల్లాడి బొటనవేలి గోటి మీదో నల్లటి కాటుక పూసి, అందులోకి కళ్లార్పకుండా చూడమనేవారు. చుట్టూ పదిమంది మూగేవారు. చూసేది మాత్రం ఒక్కడే. "ఏం కనబడుతోంది?" అని అడుగుతూ ఉండేవాడు అంజనం వేసినవాడు. పిల్లాడు కనబడిందో, కనబడిందనుకున్నదో పైకి చెప్పేవాడు. ఆ పద్ధతి మీద నాకు నమ్మకం లేదు. ఆ మాటల వల్ల ఊరికే దొంగలైపోయిన వాళ్లున్నారు. అయితే అందులో ఒక ఏర్పాటుంది. అరచేతిలో పట్టే నల్లటి మెరుపులోకి చూసేది ఒక్కడైనా, చూసింది పదిమందికీ చెప్పాలి.

ఇప్పుడు అరచేతిలో పట్టే నల్లటి మెరుపు అందరి దగ్గరా ఉంది. నెట్‌ఫ్లిక్స్ తెరిస్తే ఎవరు చూస్తున్నారని అడుగుతుంది. చాలాసేపు ముట్టుకోకుండా వదిలేస్తే ఇంకా చూస్తున్నారా అని అడుగుతుంది. దానికి కావలసినవి ఆ రెండే. ఏం కనబడుతోందని అడిగేవాడు లేడు.

విశాఖపట్నంలో కురుపాం మార్కెట్ పేరు వినే ఉంటారు. ఆ కురుపాం ఇదే. పాత జమీందారీ ఊరు, ఒక కోట, చుట్టూ తూర్పు కనుమలు. 2022 ఏప్రిల్ దాకా విజయనగరం జిల్లా, ఇప్పుడు పార్వతీపురం మన్యం. కొండల మీద సవరలు, జాతాపులు. సంతకి చింతపండు, కొండచీపుర్లు, అడ్డాకులు దించుకొచ్చేది వాళ్లు. వాటికి ధర చెప్పేది కింద ఉన్న మావాళ్లు. మా నాన్న బడిపంతులు కాబట్టి మాకు త్రాసు లేదు. కానీ మేం ఉన్నది త్రాసున్న వాళ్ల వీధిలోనే.

తొంభైల్లో వినాయక చవితి పందిట్లో వీసీపీ పెట్టేవారు. పార్వతీపురం నుంచి టీవీ, వీసీపీ, మూడు క్యాసెట్లు అద్దెకొచ్చేవి. రాత్రి భోజనాలయ్యాక మొదలైతే తెల్లారేదాకా మూడు సినిమాలు. ఊరంతా కలిసి చూసేవాళ్లం అని గుండె బరువెక్కించుకునే ముందు, ఎవరు ఎక్కడ కూర్చునేవారో కూడా గుర్తు చేసుకోవాలి. కుర్చీలు పెద్దవాళ్లకి. ముందు నేల మా పిల్లలకి. ఆడవాళ్లు ఒక పక్కగా చాపల మీద. పాటలో హీరోయిన్ తడిస్తే ఎవరో దగ్గేవారు, ఆడపిల్లలు తలలు దించుకునేవారు. అందరికంటే వెనక, గోనెపట్టాల మీదా, బండి చక్రాలకి ఆనుకునీ, ఆశ్రమ పాఠశాల హాస్టల్ పిల్లలూ, సంతకొచ్చి రాత్రికి ఉండిపోయిన కొండవాళ్లూ. అంతకుముందు తెరకట్టి పదహారు ఎంఎం సినిమాలు వేసేవారట. ఆలస్యంగా వచ్చినవాళ్లు తెరకి అవతలి పక్క కూర్చుంటే అక్షరాలు తిరగబడి, హీరో ఎడంచేత్తో కొట్టేవాడని మా నాన్న చెప్పేవాడు. ఒకే సినిమా, ఒకే తెర. కానీ అందరూ చూసింది ఒకటే అని చెప్పలేం.

ఆ హాస్టల్లో నాకొక స్నేహితుడు. సవర అబ్బాయి. బళ్లో నా పక్కనే కూర్చునేవాడు. ఒక చవితి రాత్రి నేను ముందు వరస వదిలేసి వెళ్లి వాడితో గోనెపట్టా మీద కూర్చున్నాను. అప్పట్లో అది నాకు గొప్ప త్యాగంలా అనిపించింది. రెండో సినిమాలో ఒక కామెడీ భాగం వచ్చింది. మీకు తెలిసిందే, అలాంటివి డజన్ల కొద్దీ ఉన్నాయి. హీరో, కమెడియన్ అడవిలో తప్పిపోతారు. తలల మీద ఈకలు, మొహాల నిండా రంగు, నడుముకి ఆకులు కట్టుకున్న మనుషులు బల్లేలతో చుట్టుముడతారు. నోటికొచ్చిన అరుపులేవో అరుస్తారు. కమెడియన్ కూడా ఆ అరుపుల్లోనే జవాబు చెబుతాడు. పందిరి పందిరంతా ఊగిపోయింది. నేనూ నవ్వాను. కడుపు పట్టుకుని నవ్వాను. నవ్వుతూ, మనం మామూలుగా చేసేదే, పక్కవాడి తొడ మీద చరిచాను. వాడు నవ్వడం లేదు. కోపంగానూ లేడు. గోనెలోంచి పీచు ఒక్కొక్కటే లాగుతున్నాడు.

మర్నాడు బళ్లో అడిగాడు: "ఒరే, రాత్రి ఆల్లు మాటాడినాది ఏ బాసరా?"

అందులో వెటకారం లేదు. నిజంగా తెలుసుకోవాలని అడిగాడు. ఎక్కడో తమలాంటి మనుషులే ఉన్నారేమో, వాళ్ల మాట తనకి అర్థం కాలేదేమో అనుకున్నాడు. నా దగ్గర జవాబు లేదు. అక్కడికి అట్టే దూరం లేని పర్లాకిమిడిలో గిడుగు రామమూర్తి సవర మనిషిని ఇంట్లో పెట్టుకుని ఆ భాష నేర్చుకున్నాడనీ, ఏళ్ల తరబడి శ్రమపడి 1931లో దాని వివరణ గ్రంథం, 1938లో సవర–ఇంగ్లీషు నిఘంటువు అచ్చు వేయించాడనీ నాకు తెలిసింది చాలా కాలం తర్వాత. అంత భాష ఉన్న మనుషుల నోట్లో సినిమా అరుపులు పెట్టింది. నేను దానికి నవ్వాను. పక్కన వాడు లేకపోతే ఆ రాత్రి నాకు ఒక మంచి నవ్వుగా మాత్రమే మిగిలేది.

తర్వాతి కథ అందరికీ తెలిసిందే. కేబుల్ వచ్చింది, పందిట్లో వీసీపీ పోయింది. సీడీలొచ్చాయి, పోయాయి. పట్నంలో మొబైల్ షాపుకెళ్లి ఇరవయ్యో ముప్పయ్యో ఇస్తే మెమరీ కార్డు నిండా సినిమాలు ఎక్కించి ఇచ్చే రోజులొచ్చాయి. కొండ మీద సొంతంగా, ఒంటరిగా సినిమా చూడటం అప్పుడే మొదలైందని నా లెక్క. 2016 సెప్టెంబరులో జియో వచ్చి డేటాని చవక చేసింది. 2020 మార్చిలో లాక్‌డౌన్‌తో హాళ్లు మూతపడ్డాయి. ఆ ఏడాదే ఆహా వచ్చింది. నాని 'వి' లాంటి పెద్ద సినిమా సెప్టెంబరులో హాలు మొహం చూడకుండా నేరుగా ప్రైమ్‌లోకి వచ్చింది. 2023 జూన్‌లో ఏజెన్సీ ప్రాంతాల్లో ఒకేసారి వంద 4జీ టవర్లు ప్రారంభించారు. ఎక్కువ భాగం అల్లూరి సీతారామరాజు జిల్లాలో, కొన్ని మన్యం జిల్లాలో. అయినా బండ అవసరం ఇంకా పూర్తిగా తీరలేదు.

నేను హైదరాబాద్ వచ్చేశాను. కిందటేడు ఒక రాత్రి నిద్రపట్టక ఫోన్లో దొర్లిస్తుంటే అదే సినిమా కనబడింది. పాత స్నేహితుణ్ణి చూసినట్టు తెరిచాను. అడవి భాగం వచ్చింది. ఈకలు, ఆకులు, అరుపులు. కమెడియన్ నోరు తెరిచాడు. నాకు మళ్లీ నవ్వొచ్చింది.

అదే నన్ను పట్టుకున్న సంగతి. ఈ ముప్పయ్యేళ్లలో నేను చదివినవేమిటి, మాట్లాడినవేమిటి! సాహిత్య సభల్లో ఆదివాసీ అస్తిత్వం గురించి తలూపినవాణ్ణి. గదిలో ఎవరూ లేరు, నవ్వు దానంతటది వచ్చేసింది. గోనెపీచు లాగుతున్న వేళ్లు గుర్తొచ్చింది ఆ తర్వాత. గుర్తొచ్చాక ఏం చేశాను? పది సెకన్లు ముందుకి జరిపే గుర్తు మీద రెండుసార్లు నొక్కాను. సిగ్గు పడాల్సిన సమయాన్ని దాటేశాను. ఆ సదుపాయం కూడా ఫోన్లోనే ఉంది.

వెయ్యేళ్ల కిందటి కశ్మీరీ పండితుడు అభినవగుప్తుడు తంత్రాలోకంలో ఒక మాటంటాడు. ఆటపాటల దగ్గర చాలామంది ఒక్కటిగా లీనమైతే, ఒకరి చైతన్యం ఒకరిలో అద్దంలోలా ప్రతిఫలించి, ఆనందం విస్తరిస్తుందని. పందిట్లో నవ్వు అలా పెరిగేదే. ఒంటరిగా చూస్తే చిరునవ్వుతో పోయేది, వందమందిలో కడుపునొప్పి తెప్పించేది. దానికి ఆయన ఇంకో ముక్క కూడా కలిపాడు. లీనం కానివాడు ఒక్కడున్నా ఆ చైతన్యం ముడుచుకుపోతుంది. అందుకని అలాంటివాణ్ణి ఆ గోష్ఠిలోకి రానివ్వకూడదు అంటాడు.

ఆయన అన్నది పూజాచక్రాల గురించి, సినిమా గురించి కాదు. అయినా ఆయన కోరుకున్న గోష్ఠి ఇవాళ మన ఫోన్లో తయారైందని నాకనిపిస్తుంది. నాకు నచ్చేవే నా ముందుకొస్తాయి. నాతో పాటు లీనం కానివాడు లోపలికి రాలేడు. ఒక్కడే సభ్యుడున్న గోష్ఠి అది, ముడుచుకుపోయే ప్రమాదమే లేదు. కానీ ఆ రాత్రి నాకు పనికొచ్చింది లీనం కాని ఆ ఒక్కడే. రసభంగం జరిగింది కాబట్టే నాకేదో తెలిసింది.

ఇక్కడికొచ్చి ఆగిపోతే, కలిసి చూడటం మంచిది, ఒంటరిగా చూడటం చెడ్డది అని తేల్చేయొచ్చు. వ్యాసం చక్కగా ముగుస్తుంది. ఈ సంక్రాంతికి వెళ్లినప్పుడు నా స్నేహితుడి దగ్గర ఇదంతా చెప్పాను. వాడిప్పుడు సచివాలయంలో ఉద్యోగం చేస్తున్నాడు. మేమిద్దరం ఆ బండకి కొంచెం దిగువన కూర్చున్నాం. ఆ రాత్రి నువ్వు నా పక్కన లేకపోతే నాకు ఎప్పటికీ తెలిసేది కాదురా అన్నాను. కృతజ్ఞతగానే అన్నాను.

వాడు కాసేపు మాట్లాడలేదు. తర్వాత మెల్లిగా అన్నాడు: "నీకు పాటం అయినాది. మరి నాకేటయినాదిరా? నీకు బుద్ది రావడానికి నాను అక్కడ కూకోవాలేటి?"

నా వ్యాసం అక్కడ విరిగింది.

నేను పోయిందని బాధపడుతున్న ఆ పందిరికి వాడు కట్టిన టికెట్టు వేరు. పాఠం నాకొచ్చింది, దాని ఖరీదు వాడు చెల్లించాడు. అలా చెల్లిస్తూ ఇంకా ఎన్ని రాత్రులు అక్కడే కూర్చోవాలి వాడు? తర్వాత వాడు 'జై భీమ్' ఎలా చూశాడో చెప్పాడు. 2021 నవంబరులో నేరుగా ప్రైమ్‌లో వచ్చిన సినిమా. తమిళనాడు ఇరుళర్ల కథ, లాకప్ కథ. పార్వతీపురంలో ఉన్న రోజుల్లో అద్దె గదిలో ఫోన్ మీద చూశాడు. దెబ్బలు మొదలయ్యేసరికి ఆపేశాడు. మర్నాడు ఇంకొంచెం. మూడు రాత్రులు పట్టింది. "హాల్లో అయితే ఆపండని అడగ్గల్నా? ఏడిస్తే ఎనకాలోడు సూడ్డా?" అన్నాడు.

కాబట్టి ఆ ఇయర్‌ఫోన్లు అందరికీ ఒకటి కావు. పందిట్లో తలదించుకున్న అమ్మాయికి, ఎవరూ దగ్గకుండా తనకి కావలసింది చూసుకునే చోటు దొరికింది. వెనక గోనె మీద కూర్చున్నవాడికి, తనని చూసి నవ్వేవాళ్ల మధ్య కూర్చోకుండా సినిమా చూసే హక్కు వచ్చింది. దూరదర్శన్, శాటిలైట్ చానళ్లు ఇన్నేళ్లూ పెద్దగా పట్టించుకోని సవర పాటలు యూట్యూబ్‌లో దొరుకుతున్నాయి, కొండ కుర్రాళ్లే తీసుకుని పెడుతున్నారు. వీటిలో ఏదీ వెనక్కి తీసుకోమని అడిగే అధికారం నాకు లేదు. వాడికి అవమానం నుంచి విడుదల దొరికింది. నాకు దొరికింది సాక్షి నుంచి విడుదల. రెండూ స్వేచ్ఛ అనే పేరుతోనే వచ్చాయి, ఒకే రీఛార్జిలో వచ్చాయి. కానీ రెండూ ఒకటి కావు.

కలిసి చూస్తే చాలు మనుషులు మారతారనుకోవడం కూడా భ్రమే. 2022 మార్చిలో 'ఆర్‌ఆర్‌ఆర్' వచ్చినప్పుడు వాడు హాల్లోనే చూశాడు. నాలుగు నాణేలు విసిరి గోండు పిల్లని ఎత్తుకుపోతుంటే హాలంతా గొంతు పూడుకుపోయింది. "అందరూ ఏడిసినారు. బయటికొచ్చి బస్సులో సీటు కాడ మల్లీ మామూలే" అన్నాడు నవ్వుతూ.

మరి నా మొదటి ప్రశ్న ఏమైంది? ఎవరూ చూడనప్పుడు నా చూపుకి నేను జవాబు చెప్పాలా?

జవాబు చెప్పడం అంటే నిఘాలో ఉండటం అని అర్థం చేసుకుంటే, వద్దు. ఎవరేం చూస్తున్నారో ఊరికి తెలియాలి అనే మాట ఎప్పుడూ బలవంతుడికే పనికొస్తుంది. ఆ తలదించుకున్న అమ్మాయిని అడగండి. పైగా నిఘా ఎలాగూ ఉంది. నేనెక్కడ ఆపానో, ఎక్కడ దాటేశానో ఆ యాప్‌కి తెలుసు. ఆ రెండు నొక్కులు కూడా ఎక్కడో నమోదయ్యే ఉంటాయి. లెక్క రాసుకునేవాడు ఉన్నాడు, నొచ్చుకునేవాడు లేడు. నైతికంగా మనల్ని కదిలించేది రెండోవాడు, మొదటివాడు కాదు.

నొచ్చుకునేవాణ్ణి పక్కన కూర్చోమనే హక్కు నాకు లేదని వాడు చెప్పాడు. ఇంక మిగిలేది ఒకటే, నేనే లేచి వెళ్లడం. పందిట్లో నేను ఏమీ చేయకుండానే పని జరిగిపోయేది, పక్కవాడి మౌనం వచ్చి తగిలేది. ఇప్పుడు అది రాదు, వెళ్లి తెచ్చుకోవాలి. చూసిందాన్ని, నవ్విన చోటుతో సహా, నాతో ఏకీభవించని మనిషి ఎదుట పెట్టి చెప్పాలి. దానికి అవతలివాడు ఒప్పుకోవాలి, ఒప్పుకోకపోతే ఊరుకోవాలి. తనకి ఓపికున్నప్పుడు, తనకి ఇష్టమైతేనే. ఇది కష్టమైన పని. ఎవరూ బలవంతపెట్టరు, చేయకపోయినా ఎవరికీ తెలియదు. అందుకే దీన్ని బాధ్యత అంటున్నాను. కళ్లముందు మనిషి ఉన్నప్పుడు సర్దుకోవడం మర్యాద. అది ఎవరైనా చేస్తారు.

పది సెకన్లు దాటించిన సంగతి ఆ సాయంత్రమే వాడికి చెప్పేశాను. మళ్లీ నవ్వొచ్చిందని కూడా చెప్పాను. క్షమిస్తాడనుకున్నాను కాబోలు. వాడు క్షమించనూ లేదు, తిట్టనూ లేదు. "ఆ బాస ఏటో ఇప్పటికైనా తెలిసిందేటి?" అని అడిగాడు. ఇద్దరం నవ్వాం. ఆ నవ్వు ఇద్దరికీ ఒకటేనని మాత్రం నేను చెప్పలేను.

నేను హైదరాబాద్ వచ్చిన వారానికి వాడొక వీడియో పంపాడు. సవర పాట. కొండవాలు, జీడితోట, నలుగురు అమ్మాయిలు, ఒక అబ్బాయి. ఫోన్‌తోనే తీసినట్టుంది. మూడుసార్లు చూశాను. ఒక్క ముక్క అర్థం కాలేదు. అమ్మాయిలు ఒక చోట ఆగి నవ్వుతున్నారు. ఆ నవ్వు దేని గురించో తెలియదు. నా గురించే అయినా నాకు తెలియదు.

వాడికి ఫోన్ చేసి, ఆ పాటలో ఏమంటున్నార్రా అని అడిగాను.

"ముందు నువ్వు సెప్పు," అన్నాడు. "నీకేటి అవుపడినాది?"